తెర కింది బెంచి

బొమ్మ వడ్డది గని మాట లేదు.

కాగజ్‌నగర్ టాకీసుల ఆదివారం పొద్దటి ఆట అది. గుజరాతి బొమ్మ. కట్టె కోసే సామిళ్ల పటేళ్లు, బట్టల దుకాణపు సేట్లు కలిసి బొంబాయికెల్లి తెప్పిచ్చుకున్నరు. రైలు లేటైతే బొమ్మ పెట్టె వచ్చేదాన్క జనం లోపట చీకట్ల కూసునుడు గా టాకీసుల కొత్త గాదు. ఆ పొద్దు గూడ చానసేపు కూసున్నరు. తీరా సూస్తే తెర మీద రుమాలు చుట్టుకున్నాయన నోరు తెరుస్తుండు, మూస్తుండు. చప్పుడు లేదు.

బెంచీలోల్లు ఈలలు ఊదిండ్రు. ఎల్లక్క జీవిబా చెయ్యి మీద చెయ్యేసి, "జర ఓపిక వట్టు బా, ఇగ వస్తది. నువ్వు ఈడికెల్లి లేవకు" అని, కొంగు నడుముకు చెక్కి బయటికి ఉరికింది.

జీవిబా అంటే సామిల్లు మావ్‌జీ పటేల్ తల్లి. వాళ్ల భాషల బా అంటే అవ్వ. ఎల్లక్క వాళ్లింట్ల పనిచేస్తది, ముసలామె ఎటు వోయినా తోడు వోతది. కొడుకు, కోడలు నాగపూర్ పెండ్లికి పోయిండ్రు. ఇంట్ల మన్మలకు తెలుగొస్తది, హిందీ వస్తది, నాయినమ్మ మాట ఒక్కటి రాదు. అందుకే ఈ బొమ్మ వస్తుందని తెలిసిన కాంచి ముసలామెకు నిద్ర లేదు.

"ఒకప్పుడు మా బొమ్మ ఏడాదికొకటి గూడ రాకపోయేది ఎల్లీ. ఇప్పుడు అక్కడి సర్కారు పన్ను మాఫ్ చేసిందట. నెలనెలా కొత్త బొమ్మ. మా పల్లెల కథలు, మా గర్బా పాటలు. హిందీ బొమ్మ పక్కన మాది గూడ నిలవడ్డది" అని అన్నం తినుకుంట చెప్పేది, పండుకొని చెప్పేది.

గేటుకాడ టికెట్లు చింపే మొండయ్య పొద్దున నవ్వనే నవ్విండు. "ఏం బా, సామిల్లు మీది, కూసునుడు తెర కింది బెంచీనా? ఎన్కకు పో, కుర్చీలున్నయి."

"నా ఊరి మాట రా మొండీ. దగ్గరికెల్లి ఇనాలె" అన్నది జీవిబా. మాట డబ్బాలు తెర ఎన్కనే గద ఉండేది. ఒడి నిండ బంతిపూలు గూడ తెచ్చుకున్నది. దేవి పాట వచ్చినప్పుడు తెర మీద చల్లాలెనట. వాళ్ల దేశంల అట్లనే చేస్తరట.

ఎల్లక్క మెట్లెక్కి మిషన్ అర్రలకు పోయింది. ఆపరేటర్ వెంకటి చెమటలు గక్కుతుండు.

"ఏమైంది రా?"

"బుగ్గ మాడిపోయిందక్కా. మాట ఇచ్చే చిన్న లైటు బుగ్గ. ఇంకోటి లేదు."

"కొనుక్కరాపో."

"ఆదివారం పూట ఎవడిస్తడు? బెల్లంపల్లి టాకీసుల అడుగాలె. పోయొచ్చేటాల్లకు ఆట ఒడుస్తది."

"అయితే ఆపు. తెచ్చినంక ఎయ్యి."

"నా చేతుల ఏమున్నది? మేనేజర్ సాబును అడుగు."

మేనేజర్ రామచంద్రం చాయ తాగుతుండు. ఎల్లక్క చెప్పింది ఇని సాసర్ల ఇంత ఒంపుకున్నడు.

"ఆపుడెట్ల ఎల్లక్కా? పెట్టె మధ్యాహ్నం బల్లార్షా బండెక్కాలె. అక్కడ పొద్దుమూకి ఆట ఉన్నది. వాళ్లు నన్ను బొందవెడ్తరు."

"మా బాకు మాటనే గావాలె సారూ."

"మాట అందరికి గావాలె. లేదు, ఏం జెయ్యాలె? బొమ్మయితే అద్దం లెక్క వడుతుంది గద. సేట్లే నా మీద ఒర్రి ఒర్రి, ఇంకోసారి తెప్పిస్తనంటే పోయి కూసున్నరు. నడుమ నీ లొల్లేంది?"

"మల్ల ఎప్పుడు తెప్పిస్తరు?"

"దీపావళికో, ఆ ఎన్కనో."

"మా బా అప్పటిదాన్క ఉంటదా?"

ఆయన సాసర్ల చాయ ఊదుకున్నడు.

ఎల్లక్క మల్ల వెంకటి కాడికి పోయింది. వాడు మాడిన బుగ్గనే తుడిచి పెట్టిండు, తిప్పి పెట్టిండు, ఊది పెట్టిండు. ఏం లాభం లేకపాయె. కిందికి దిగొస్తుంటే తలుపు కాడ మొండయ్య లోపటికే సూస్తుండు.

"మంచిగున్నదక్కా బొమ్మ. మాట ఉంటే సమజ్ గాకపోయేది, ఇప్పుడు అంత సమజైతుంది. గా అత్త మంచిది గాదు."

ఎల్లక్క వాని భుజం మీదికెల్లి తొంగి సూసింది. తెర మీద దేవి పులినెక్కి వస్తుంది. పాట లేకపాయె; పూలు చల్లాల్నో వద్దో తెల్వక కుర్చీలల్ల ఆడోళ్లు కూసున్నకాడనే సప్పుడు జెయ్యక దండం వెట్టుకున్నరు. జీవిబా బెంచి మీద నిటారుగ కూసున్నది, మొఖం తెర దిక్కే ఉన్నది. దేవి వచ్చింది, పోయింది. ముసలామె ఒడిల పూలు ఒడిలనే ఉన్నయి.

ఎల్లక్క లోపటికి పోలే. పోయి ఏమని చెప్పాలె? గా మెట్ల మీదనే కూలవడ్డది. మోకాళ్ల మీద తల వెట్టుకొని, ఆట ఒడిసిందాన్క లేవలే.

మొండయ్య తలుపులు తీసిండు. ఎండ లోపటికి వచ్చింది. జనం బీడీలు ముట్టిచ్చుకుంట బయట వడుతుండ్రు. వాళ్లకు ఎదురు నడుచుకుంట ఎల్లక్క తెర కిందికి పోయింది. జీవిబా మొఖంల పొద్దటి నవ్వు అట్లనే ఉన్నది. అడుగుల చప్పుడుకు ఇటు మల్లి, చెయ్యి చాపి గాలిల తడిమి తడిమి, ఎల్లక్క కొంగు దొరకవట్టుకున్నది.

"ఎల్లీ, అందరు లేచి పోతున్నట్టున్నరు. పెట్టె ఇంక రానే లేదా బిడ్డా?"