కుండ తన్నిన మనిషి

పొయ్యి మీద ఉడుకుతున్న కుండను ముక్కూ మొహం తెలియని ముసలమ్మ కాలితో తన్నేసింది.

"పిల్ల ఆకలికి ఏడుస్తుంటే నీకిదేం పోయేకాలం!" ఎల్స్‌బెత్ కర్ర ఎత్తింది.

జర్మనీలో ఓడెక్కి ఈ జమైకా కొండకు చేరి ఏడాదయింది. ఈ వారం దొర ఇచ్చే గోధుమపిండి రాలేదు. ఇంటి వెనక దొరికిన దుంపల్ని, తన ఊళ్లో బంగాళాదుంపల్ని వండినట్టే తొక్క తీసి ఉడకేసింది.

"కొట్టు. కానీ ఆ చేదు కర్రపెండలం అలా తింటే రేపు గొయ్యి తవ్వుకోవాలి," అంది ముసలమ్మ.

మిగిలిన దుంపల్ని తురిమింది. గుడ్డలో మూటకట్టి, పాలలాంటి విషపు రసం చుక్క మిగలకుండా పిండేసింది. పెనం మీద రొట్టె కాల్చి, మొదటి ముక్క తనే తింది.

మొన్నటిదాకా బానిస. పేరు ఫిబా.

ఆపైన ప్రతి ఆదివారం వచ్చేది. ఒక్కో జర్మను ఇంట్లో కూర్చుని రొట్టె నేర్పేది.

ఓ ఆదివారం ఆమె ఉండగానే గుర్రం మీద దొర గుమాస్తా వచ్చాడు.

"దీన్ని కొండ ఎక్కనిచ్చారో, పిండి ఆపేస్తా."

"ఆపుకో," అంది ఎల్స్‌బెత్.

"మాడి చస్తారు!"

"రేవులో మా అమ్మను వదిలాను. సముద్రంలో నా మొగుణ్ణి వదిలాను. ఇక ఎవర్నీ పొమ్మనను. నువ్వు కూర్చో అత్తా."

గుమాస్తా తెచ్చిన బస్తా మళ్లీ గుర్రం మీద వేసుకుపోయాడు.

"పిచ్చిదానా, పసిపిల్ల ఉంది కదే నీకు," అంది ఫిబా.

"రొట్టె నేర్పావుగా!"

ఫిబా నవ్వలేదు.

తరవాతి ఆదివారం ఆమె రాలేదు. ఆపై ఆదివారమూ రాలేదు. పిండి మాత్రం వచ్చింది.

ఎల్స్‌బెత్ ఆ బస్తా నెత్తిన పెట్టుకుని కొండ దిగింది. గుమాస్తా కాళ్ల ముందు ధభీమని పడేసింది.

"నీ పిండి నువ్వే తిను. మా అత్త ఏది?"

"వాళ్లకు పిండి పంపు, నేనిక కొండెక్కను అని తనే వచ్చి చెప్పింది. ఎటు పోయిందో నాకేం తెలుసు?"

"ఒక్క ముసలిదంటే అంత భయమేమయ్యా నీకు?"

గుమాస్తా చూపు తిప్పుకున్నాడు.

"మీ ఓడ రాకముందు ఇరవై ఏళ్లు ఆ కొండ సాగు చేసింది ఆమే, ఆమె గుడిసె పీకించిన చోటే నీకు ఇల్లు వేయించాను."