లియోనోర్ చెప్పని పేరు

రుఫీనా ఆ సాయంత్రం సినిమా హాలుకి చప్పట్లు కొట్టడానికి రాలేదు. లియోనోర్ సల్సేదో చేత అందరి ముందూ తన పేరు చెప్పించడానికి వచ్చింది.

మంచిగా అడగడం అయిపోయింది. కిందటి వారం ఇంటికెళ్లి అడిగితే, "గోడల మీద బొమ్మ నాది, నీది కాదు" అని లియోనోర్ ఆమె మొహాన తలుపేసింది.

బొమ్మలకేం, హాలు నిండా ఉన్నాయి. యాభై ఏళ్ల నట జీవితానికి మద్రీదు నగరం చేస్తున్న సన్మానం మరి! జిప్సీ పిల్లగా, రాణిగా, సన్యాసినిగా, చివరికి బామ్మగా లియోనోర్. రుఫీనా వాటికి వీపు తిప్పింది. వెళ్లి చివరి వరసలో కూర్చుంది.

పక్క సీట్లో కసిల్దా అనే లావుపాటావిడ పొద్దుతిరుగుడు గింజలు కొరికి పొట్టు నేల మీద ఊస్తోంది.

"కాళ్లు ముడుచుకోవమ్మా కాస్త. టికెట్టు కొనే వచ్చావా, బయట చలిగా ఉందని దూరావా?"

రుఫీనా పలకలేదు. బయట నోరు విప్పకపోవడం ఆమెకు వయసులో ఉన్నప్పుడే అలవాటైంది. రొట్టెల కొట్లో కూడా కావలసింది వేలితో చూపించేది. ఉద్యోగం నేర్పిన అలవాటు.

"చెవుడు కాబోలు పాపం" అంది కసిల్దా, నాలుగు వరసలకి వినపడేలా.

తెర మీద పాత సినిమాల ముక్కలు వేశారు. బాల్కనీలోంచి లియోనోర్ మొగుణ్ని శపించే ఘట్టం రాగానే హాలు హాలంతా ఆ మాటలు వల్లించింది. కసిల్దా కళ్లు తుడుచుకుంది. రుఫీనా పళ్లు నూరింది.

"ఏంటా చూపు? నీ మొగుణ్ని గానీ ఎగరేసుకుపోయిందా ఏంటి? ఆవిడుండగా నీ మొహం ఎవడు చూస్తాడే!"

ఆ మాట రుఫీనాకి కొత్త కాదు. ఒకప్పుడు ఓ నిర్మాత ఇంతకంటే మోటుగానే అన్నాడు.

లియోనోర్ మెడకు పట్టుగుడ్డ చుట్టుకుని వేదికెక్కింది. జలుబు చేసిందట. ఆవిడ తరఫున వ్యాఖ్యాతే కృతజ్ఞతలు చెప్పాడు. కెమెరావాళ్లు, బట్టలు కుట్టినవాళ్లు, జుట్టు దువ్వినవాళ్లు, చర్చి ఫాదరు, ఆఖరికి చచ్చిపోయిన కుక్కపిల్ల. దానిక్కూడా పేరు పెట్టి మరీ చెప్పాడు.

"ఇంకెవరినైనా మర్చిపోయామా, దోన్యా లియోనోర్ గారూ?"

లియోనోర్ చివరి వరస దాకా తీరిగ్గా చూసింది. రుఫీనా మీద చూపు ఆగింది. నవ్వి, లేదన్నట్టు తలూపింది.

రుఫీనా లేచి నిలబడింది.

"కూర్చోండి బామ్మగారూ, గొడవ చేస్తే బయటికి పంపించేస్తా" అంటూ గేటు దగ్గరివాడు పరిగెత్తుకొచ్చాడు.

"కూర్చోవే పిచ్చిదానా!" అని కసిల్దా ఆమె గౌను పట్టి లాగింది.

రుఫీనా ఇద్దర్నీ విదిలించుకుంది.

"ఏయ్ లియోనోర్! చెప్పవే నా పేరు!"

హాల్లో ప్రతి తలా వెనక్కి తిరిగింది: యాభై ఏళ్లుగా తెర మీద లియోనోర్ పెదవులు కదిలినప్పుడల్లా వాళ్లు విన్న గొంతు అది.