వెనక ముడి

రాజమండ్రి జైలుకు చూడడానికి వచ్చినప్పుడల్లా పెళ్లాం ఒకటే చెప్పేది, పోలేరయ్యను పోలీసులకు పట్టించింది తోటి జాలరి మాల్యాద్రేనని. ఏడేళ్లకు విడుదలై మైపాడు చేరిన పోలేరయ్య, తెల్లారగానే ఒడ్డుకు పోయి, విప్పి ఆరబెట్టిన మాల్యాద్రి తెప్ప దుంగల్ని సాయం చేస్తున్నట్టు తానే కట్టాడు. వెనక ముడి మాత్రం అలల దెబ్బకు ఊడిపోయేలా వదిలాడు.

సముద్రంలోకి తోసేముందు ప్రతి ముడినీ తడిమి చూస్తారు. ఏడేళ్లు తాడు పట్టని పోలేరయ్యకు ఆ సంగతి గుర్తులేదు. మాల్యాద్రి చెయ్యి వెనక ముడి దగ్గర ఆగింది.

"నన్ను చంపాలనుకున్నావా అన్నా?"

"నేను దాక్కున్న ఇసకదిబ్బ పోలీసోళ్లకు చూపించింది నువ్వే గదరా!"

"అది యాడుందో నాకేం తెలుసన్నా? దినామూ నీకు అన్నం మోసినోళ్లకే తెలుసు."

మాల్యాద్రి ముడి బిగించి తెప్ప తోసుకుపోయాడు.

పోలేరయ్య ఇంటికొచ్చేసరికి పెళ్లాం గడపలో నిలబడి ఉంది.

"పని అయిందా?"

"అయింది."

ఆమె హమ్మయ్య అనుకుంది. కంచంలో అన్నం పెట్టి పక్కనే కూర్చుంది.

"కడుపునిండా తినయ్యా."

ఇసకదిబ్బ మీదికి పోలీసులొచ్చిన రోజు కూడా అన్నం తెచ్చి ఇలాగే అంది.