ఆధారం దొరకని పేరు

పిల్లల పేర్ల పుస్తకం కొత్త ముద్రణ కోసం అర్థాలు సరిచూస్తున్నాను. ఒక పేరు దగ్గర పెన్ను ఆగింది. అది నా పేరే. మా నాన్న ఈ పుస్తకం చూసే నాకా పేరు పెట్టారు. అర్థం 'మళ్లీ వచ్చేది' అని ఉంది. ఏ నిఘంటువు తిరగేసినా అసలు ఆ మాటే లేదు.

ముసలి సంపాదకుడి గదికి వెళ్లాను.

"సార్, ఎవరైనా మన పుస్తకం కాపీ కొడితే పట్టుబడాలని ఒక దొంగపేరు వేస్తాం కదా. ఇదేనా అది?"

"కాదమ్మాయ్. అది మా పాప పేరు. నేనే కల్పించాను. నోరారా పిలుచుకోకముందే పోయింది. అర్థం ఆ తర్వాత రాశాను. ఎవరో ఒకరు, ఎక్కడో ఒకచోట పిలుస్తూ ఉంటారని పుస్తకంలో వేశాను."

"మరి ఉంచమంటారా, కొట్టెయ్యమంటారా?"

ఇన్నేళ్లలో నన్ను 'అమ్మాయ్' అని తప్ప పిలవని మనిషి, మొదటిసారి ఆ పేరు పెట్టి పిలిచారు. నిద్రపోతున్న పిల్లను లేపుతున్నట్టు, మెల్లగా.

"చెప్పండి సార్" అన్నాను.

ఆయన నా వెనక తలుపు వైపు చూస్తున్నారు.

"నిన్ను కాదమ్మాయ్."