ఓనరాంటీ వేషం

ఆ రోజు పొద్దున స్కార్‌బరో మీద ఆకాశం తోమని సత్తుగిన్నెలా ఉంది. మంచు కురవదు, ఎండ కాయదు. బేస్‌మెంట్ కిటికీలోంచి అంతకు మించి ఏమీ కనబడటం లేదు.

"భ్రమరాంబ గారు రాలేరట. 401 హైవే మీద యాక్సిడెంటై కార్లన్నీ ఆగిపోయాయట" ఫోన్ జేబులో పెడుతూ అన్నాడు నిర్మాత జయదేవ్. "షూటింగ్‌కిచ్చిన ఈ ఇల్లు పన్నెండుకల్లా ఖాళీ చెయ్యాలి. ఆ ఓనరాంటీ వేషమేదో మీరే వేసెయ్యండి ధాత్రి గారూ."

"వెయ్యను."

ఐదు దేశాల సినిమాల్లో ముప్పై ఏళ్లు నటించిన మనిషి ఆమె. సొంతంగా రాసి తీస్తున్న మొదటి సినిమా ఇది.

"తెర మీద నా ముఖం పడితే జనం నన్నే చూస్తారు. ఈ పిల్లని చూడరు" అంది.

"ఐతే సీన్ తీసేద్దాం."

"ఇది తీసేస్తే సినిమాలో మంచు తప్ప ఏం మిగల్దు."

ఆ పిల్ల పేరు సాత్విక. నిజామాబాద్ నుంచి ఈ దేశానికి చదువుకోడానికి వచ్చింది. రాత్రంతా వేర్‌హౌస్‌లో డ్యూటీ చేసి, ఆ జాకెట్‌తోనే షూటింగ్‌కి దిగింది. సీన్ చిన్నదే. వీసా పొడిగింపు రిఫ్యూజ్ అయిందని తెలిసిన అమ్మాయి అన్నం ముందు కూర్చుంటుంది. పైనుంచి ఓనరాంటీ దిగొచ్చి ఓదారుస్తుంది.

"మేడమ్, ఒక మాట చెప్తే కోపం చెయ్యరు గదా?" అంది సాత్విక.

"చెప్పు."

"ఆంటీకి పేజీన్నర డైలాగ్ రాసిన్రు. మా ఓనరాంటీ అంత మాట్లాడదు. నా రూమ్మేట్‌కి వీసా రిఫ్యూజ్ ఐననాడు కిందికొచ్చింది, కూరేసింది, పక్కన కూసొని తిన్నది, పోయింది. గంతే."

"అందులో సీనేముంది?"

"సీనుందో లేదో నాకెర్క లేదు మేడమ్. నా రూమ్మేట్ మాత్రం ఆ రోజు అన్నం తిన్నది."

ధాత్రి ముఖం ఎర్రబడింది. "రాసింది నేను" అని, జయదేవ్‌ను వెంటబెట్టుకుని మెట్లెక్కి వెళ్లింది. పైన వాళ్లిద్దరూ వాదించుకోవడం పావుగంట సేపు కిందికి వినబడుతూనే ఉంది. సాత్విక లేచి కెమెరామన్ త్యాగరాజు దగ్గరికి వెళ్లి మెల్లగా ఏదో అడిగింది. అతను తలూపాడు.

ప్యాకప్ చెప్పడానికే ధాత్రి కిందికి దిగింది. సాత్విక చాప మీద కూర్చుని ఉంది. షాట్ కోసం వండిన అన్నమే కంచంలో పెట్టుకుంది. చెయ్యి మాత్రం పెట్టలేదు.

"తినకుండా అలా చూస్తావేం?"

"రాత్రి నుంచి ఏం తినలే మేడమ్. ఒక్కదాన్నే తినబుద్ధైతలేదు."

ధాత్రి స్టవ్ మీది వంకాయ కూర గిన్నె తెచ్చి, ఇంకో కంచం తీసుకుని, పిల్లకి ఎదురుగా కెమెరాకు వీపు పెట్టి కూర్చుంది.

"త్యాగరాజూ, నువ్వూ రా."

"ఆకలి లేదు మేడమ్" అని అతను ఉన్నచోటే ఉండిపోయాడు.

ధాత్రి కూర వేసింది. సాత్విక రెండు ముద్దలు తిన్నది. మూడోది నోటి దగ్గర ఆగిపోయింది. కళ్లు నిండాయి. ధాత్రి ఏదో చెప్పబోయి మానేసింది. ఇంకో గరిటె కూర వేసి, తనూ అన్నం కలుపుకుంది. ఇద్దరూ తల వంచుకుని తిన్నారు. కిటికీ అవతల ఎవరివో బూట్లు నడిచిపోయాయి. దిగివస్తున్న జయదేవ్ మెట్ల మీదే ఆగిపోయాడు.

చివరి ముద్ద అయ్యాక సాత్విక మోచేత్తో కళ్లు తుడుచుకుని, ధాత్రి భుజం మీదుగా వెనక్కి చూసింది.

"త్యాగరాజన్నా, కట్."