పక్కింటావిడ

"ఆ పిల్ల తప్పించుకుందా లేదా, ముందు అది చెప్పు!" అంది శేషమ్మ, మూకుడు మీంచి చూపు తిప్పకుండా.

తిప్పుదామన్నా కుదరదు. జంతికలు నూనెలో ఉన్నాయి, టీవీ వెనకాల హాల్లో ఉంది. అందులో నాజీల కాలంనాటి ఒక యూదు కుటుంబం కథ వస్తోంది. మాటలన్నీ జర్మన్. కింద పడే ఇంగ్లిష్ చదివి కూతురు ఇంద్రజ తెలుగులో చెప్పాలి, ఈవిడ వంట చేసుకుంటూ వినాలి. అమెరికాలో కూతురింటికి, అరోరా వచ్చిన దగ్గర్నుంచీ ఆదివారాలు ఇలాగే గడుస్తున్నాయి.

"అమ్మానాన్నల్ని ట్రక్కెక్కించేశారమ్మా. పిల్ల పెరటి గుమ్మంలోంచి పారిపోయి పక్కింటికొచ్చింది. బెల్ కొడుతూనే ఉంది."

"ఆ రోజుల్లోనే కాలింగ్ బెల్లా?"

"అదే... తలుపు కొడుతోంది. ఒక కాలికి చెప్పు లేదు."

"అయ్యో తల్లీ! ఆ పక్కింటావిడ లేదా ఇంట్లో?"

"ఉంది. తలుపు వెనకాలే నించుంది. ఆ దేశంలో ఉండడానికి వాళ్ళు పెట్టుకున్న కాగితాలు కూడా ఇంకా ఆఫీసులోనే ఉన్నాయట. ఇప్పుడు ఎవరి కంట్లో పడినా మొగుడి ఉద్యోగం పోతుందని భయం. తనకీ అదే ఈడు కూతురుంది."

"ఇదంతా కింద రాస్తున్నారా?"

"ఊఁ."

"కూతురుండి కూడా మనసెలా ఒప్పిందే? పాపిష్టిది!"

శేషమ్మ వాయి తీసి పళ్ళెంలో వేసింది.

"చల్లారాక డబ్బాలో పెడతాను, పక్కింటి సోఫియాకి ఇచ్చిరా. నా మనవరాలు అదితి కంటే ఆ పిల్లకే ఇవంటే ప్రాణం. వారమైంది ఇటు వచ్చి."

"వాళ్ళు ఊరెళ్ళారమ్మా."

"కారు వాకిట్లోనే ఉందిగా?"

"ఫ్లైట్‌లో వెళ్ళారేమో."

"ఏమో, పిల్ల వచ్చి వెళ్ళిపోయిందేమో కూడా! మన బెల్ మోగి చస్తేగా. అందులో బ్యాటరీయే లేదన్నాడు అల్లుడు. ఎవరు తీశారో ఏమో."

వెనకనుంచి వెక్కిళ్ళు వినిపించాయి. శేషమ్మ మనసు కరిగిపోయింది.

"పిచ్చిదానా, కథకే ఇంత ఏడుపా? ఇంతకీ చివరికైనా తీసిందా ఆవిడ?"

"లేదమ్మా. లైటార్పేసి, ఆ పిల్ల వెళ్ళిపోయేదాకా అలాగే నించుంది."

"ఛీ, దాని మొహం చూడకూడదు. కట్టెయ్యి ఆ టీవీ!"

ఇంద్రజ కళ్ళు తుడుచుకుని రిమోట్ అందుకుంది.

తెర మీద పక్కింటావిడ తలుపు ఎప్పుడో తీసేసింది.