శుక్రవారం పెండ్లికి పిలుపు

ఇంకొంచెం దగ్గరికి జరగండి, గట్టిగా చెబితే ఈ కథ రుచి పోతుంది.

తిరుత్తణి రైల్వే స్టేషనులో రాజామణి తాంబూలం పళ్లెం పట్టుకుని, ముక్కూమొహం తెలియని ఒక పెద్దామె ముందు వంగి నిలబడ్డాడు. ఎదురు బెంచీ మీద పూలబుట్ట. బుట్టలో తువ్వాలు కింద వీడియో కెమెరా, దాని వెనక రత్నస్వామి. పెళ్లిళ్లకు వీడియో తీసేవాడతను. ముహూర్తాలు లేని రోజుల్లో ఆ స్నేహితులిద్దరికీ ఇదే పందెం. లేని పెళ్లికి ఎవరినైనా పిలవాలి. ‘నువ్వెవరో తెలియదు’ అని వాళ్లంటే పిలిచినవాడు ఓడినట్టు. ఇంతవరకూ ఇద్దరూ ఓడలేదు. చుట్టాన్ని గుర్తుపట్టలేదని ఒప్పుకోవడమంటే మనవాళ్లకు తల తీసేసినట్టు కదా.

“అత్తా, వచ్చే శుక్రవారం ఈడనే నా పెండ్లి. నువ్వు రాకుంటే తాళి కట్టను.”

ఆమె కళ్లు చికిలించింది. “పొన్నేరి కన్నియమ్మ కొడుకువి గదా? ఎంత ఎదిగిపోయినావురా.”

కన్నియమ్మ ఎవరో వాడికేం తెలుసు, అవునన్నాడు. తిరువాలంగాడు మునెమ్మనంటూ ఆమె కన్నియమ్మ మోకాళ్ల నొప్పి గురించి, ఈనిన బర్రె గురించి అడిగింది. అన్నిటికీ తడుముకోకుండా జవాబు చెప్పాడు. ఆమె ఆకూ వక్కా తీసి కొంగున ముడివేసుకుంది. కుంకుమ జోలికి మాత్రం పోలేదు.

సాయంత్రం రత్నస్వామి అంగట్లో టీవీ ముందు అందరూ పొట్ట పట్టుకుని నవ్వుతుంటే, రాజామణి తల్లి సుందరవల్లి ఒక్కతే నవ్వలేదు.

“ఆయమ్మ నొసట చూడరా. మొగుడు పోయిన మనిషి. అట్లాంటోళ్లకు చేతికి తాంబూలమిచ్చి పెండ్లికి పిలిచేదెవరు? తప్పకుండా వస్తాది. వస్తే ఏం చూపిస్తావు?”

ఆ మాటతో రాజామణికి అన్నం సహించలేదు. నిజం చెప్పేద్దామని తిరువాలంగాడు వెళ్లాడు కూడా. ఆమె వీధి మలుపు దాకా పోయి, ధైర్యం చాలక తిరిగొచ్చాడు.

శుక్రవారం పొద్దున్నే మునెమ్మ రైలు దిగింది. పట్టంచు చీర, చంకలో పనసపండు, పెళ్లికొడుక్కి కొత్త పంచె. రాజామణి ఎదురుపోయి పనసపండు అందుకున్నాడు. పెళ్లి వాయిదా పడిందని గొణిగాడు. వెంట వచ్చిన సుందరవల్లి ఆమె చెయ్యి పట్టుకుని ఇంటికి పిలుచుకుపోయి, కాళ్లకు నీళ్లిచ్చి, నడింట్లో ఆకు వేసింది. వడ, పాయసం, అప్పళం. కెమెరా ఇంట్లో పెట్టి వచ్చిన రత్నస్వామి దగ్గరుండి వడ్డించాడు. మునెమ్మ అడిగి మరీ పాయసం వేయించుకుంది, తన పెళ్లిలో జరిగిన రగడలన్నీ చెప్పి అందరినీ నవ్వించింది. నవ్వుతూనే రాజామణి ఆమెకు ముఖం చూపలేక తల దించుకున్నాడు.

రైలెక్కించేటప్పుడు కాళ్లకు మొక్కి నిజం చెప్పబోతే, ఆమె కిటికీలోంచి వాడి నెత్తిన చెయ్యి పెట్టింది.

ఈ కథ మీరు ఎవరికి చెప్పినా సరే, అప్పుడామె అన్న మాట మాత్రం మార్చకుండా చెప్పండి:

“పెండ్లి లేదని నువ్వు పిలిచిన ఆ పొద్దే తెలుసు నాయనా, పిలిచినావు గదా అని వచ్చినాను.”